చెత్త ఫోల్డరు

గవర్నర్‌పేటలో టైర్ల కొట్టు మీద రెండో అంతస్తు.
మెట్లెక్కేసరికే చొక్కాకి రబ్బరు వాసన.
అక్కడ ప్రతి శుక్రవారం ఒక పల్లెటూరు కట్టేవాళ్లం
థర్మోకోల్ గోడలు, ప్లాస్టిక్ గుమ్మడిపాదు,
పొయ్యిలో నిప్పుకి
ఎర్ర కాగితం చుట్టిన సున్నా బల్బు.

ఆ పొయ్యి పక్కన మేకల మార్తమ్మ.
ప్రత్తిపాడు మిరప చేలల్లో ముప్పై ఏళ్లు వంగి
ఇప్పుడు నిటారుగా కూర్చోమంటే
నడుం ఒప్పుకోని మనిషి.
"ప్రేక్షక మహాశయులకు స్వాగతం" అని
అట్ట మీద పెద్దక్షరాల్లో రాసిచ్చాడు డైరెక్టరు.
ఆమె అట్టని తిరగేసి పట్టుకుంది,
దాంతోనే విసురుకుంటూ
"అన్నాలు తిన్నారా?" అంది కెమెరాని.
ఆరేళ్లు మా షోకి అదే మొదలు.

ఒక వారం తెనాలి బ్యాండుమేళంలో క్లారినెట్టు తాత,
ఒక వారం ఇంజనీరింగు పిల్లల గిటారు,
ఒకడు నోటితో ప్యాసింజరు రైలు నడిపి
కృష్ణా కెనాల్ జంక్షన్ దగ్గర ఆపేసి
సిగ్నల్ లేదన్నాడు.
అందరికీ ఆమె ఊ కొట్టేది
కథ వింటున్నట్టు,
గిటారుకి కూడా.

నేను ఎడిటర్ని.
పాటకి తొంభై సెకన్లు, తర్వాత పురుగుమందు ప్రకటన.
దగ్గు తీసెయ్, గాజులు మైకుకి తగిలింది తీసెయ్,
ఊపిరి పీల్చిన చోటల్లా
రెండు చివర్లూ పట్టి అతికించెయ్.
నా అతుకు ఎక్కడో నాకే కనపడేది కాదు.
దానికి జీతంలో ఐదొందలు పెరిగాయి కూడా.

ఒక రాత్రి గుంటూరు ఆఖరి బస్సు తప్పిపోయి
నా వెనక స్టూలు మీద కూర్చుంది.
తెర మీద తన పాట తనే చూసుకుని
"ఇదేందయ్యా, మునుం మధ్యలో లేచొచ్చింది?"

నాకు అర్థం కాలేదు.

"మునుం పట్టిన కాడ ఎత్తుకుంటే
గట్టు కాడ దించాల పాట.
చేను ఎంత పొడుగో పాటా అంతే.
ఎండ ముదిరితే ఇంకో ముక్క కలుపుకుంటాం,
మేస్త్రి బీడీకి పోతే వాడి మీద ఒకటి."
కాసేపాగి,
"నేను ఊపిరి తీసుకున్న కాడ
పక్క సాల్లో కోటమ్మ అందుకుంటది.
కోటమ్మకి చోటేది ఇందులో?"

కోటమ్మ ఎవరని అడగలేదు నేను.
ఫైలు తెల్లారేలోపు పంపాలి.
ఆమె కుర్చీలు కలుపుకుని పడుకుంది,
నేను కత్తిరిస్తూనే ఉన్నాను.
ఒక్కటే తేడా, ఆ రాత్రి నుంచి
తీసేసిన ముక్కల్ని పారెయ్యలేదు.
ఎవరైనా చూస్తే నవ్వుతారని
ఫోల్డరుకి "చెత్త" అని పేరు పెట్టాను.

ఛానల్ అమ్ముడుపోయింది.
ఇప్పుడు ఆ గదిలో నలుగురు
ఒకేసారి అరిచే చర్చ వస్తుంది,
ఒకళ్లు ఆగితే అందుకోవడం లేదు ఎవరూ, ఆగడమే లేదు.
థర్మోకోల్ పల్లె బందరు కాలవలో పడి
గుమ్మడికాయ ముందు, గోడలు వెనక
మెల్లగా తూర్పుకి పోయింది.
మార్తమ్మ మళ్లీ కోతలకి పోతోందని విన్నాను.
ఫోన్ చేద్దామనుకుని
ఏమని మొదలెట్టాలో తెలియక మానేశాను.
అన్నం తిన్నావా అంటే సరిపోయేది.

పెళ్లి వీడియోలు కడుతున్నానిప్పుడు.
నిన్న రాత్రి మెషిన్ నిండిపోయింది, ఏదైనా చెరిపెయ్యమంది.
"చెత్త" తెరిచాను.
మూడు గంటల పదకొండు నిమిషాలు.
దగ్గు, గాజులు, ఎవరో టీ అడగడం,
ఇక అన్నీ ఊపిళ్లే,
ఒకదాని వెంట ఒకటి
పాట లేని పాటంతా.

పాట రాదు నాకు. గొంతూ లేదు.
అయినా ఒక ఊపిరి దగ్గర
ఏదో అనాలనిపించి నోరు తెరిచాను.
అది దాటిపోయింది.
ఇంకోటి వచ్చింది.

పెళ్లివారి వీడియో ఒకటి చెరిపేశాను.
పొద్దున వాళ్లకేం చెప్పాలో
ఇంకా ఆలోచించుకోలేదు.